వడ్ల చిలక గాదెలో పుట్టదు, చేనులోనుంచే వస్తుంది

సంపాదకులకు నమస్కారం.

ఏటా మే నెలాఖరులోనో జూన్‌లోనో జొన్న సంచి మూతి విప్పగానే చిన్న రెక్కల పురుగులు ముఖం మీదికి లేస్తాయి. వీటినే వడ్ల చిలకలంటారు, పేరు వడ్లదైనా జొన్ననూ పడతాయి. సరిగ్గా అప్పుడే పత్రికల వ్యవసాయ పేజీల్లో నాలుగు మాటలు కనిపిస్తాయి: ధాన్యం బాగా ఎండబెట్టాలి, శుభ్రమైన గదిలో నిల్వ చేయాలి అని. మాట నిజమే గానీ అప్పటికి గింజ డొల్లయిపోయి ఉంటుంది. పైగా ఆ సలహా నిల్వ పురుగులన్నిటినీ ఒకే గాటన కడుతుంది. ముక్కు పురుగుకు చెప్పిన మందు వడ్ల చిలకకు సరిపోదు. కర్నూలు, అనంతపురం, కడప జిల్లాల్లో తిండికీ విత్తనానికీ జొన్న దాచుకునే ఇళ్లు ఇంకా ఉన్నాయి కాబట్టి ఈ ఒక్క పురుగు సంగతి కాస్త వివరంగా రాస్తున్నాం. ఈ ఉత్తరాన్ని మీరు పత్రికలో వేసేదుంటే కంకి కోతకు ముందే, అంటే సంక్రాంతి దాటకుండా వేయండి. జూన్‌లో వేసినా చదువుకోవడానికే తప్ప చేయడానికి పనేమీ మిగలదు.

ముందు గుర్తుపట్టడం. వడ్ల చిలక ఎండుగడ్డి రంగులో ఉంటుంది. పొడవు 5 నుంచి 7 మిల్లీమీటర్లు, రెక్కలు చాస్తే ఒకటిన్నర సెంటీమీటరు వరకు. వెనక రెక్క కొస వేలు చూపినట్టు సన్నగా సాగి, అంచున పొడుగాటి నూగు కుచ్చులా వేలాడుతుంది. భూతద్దం అక్కర్లేదు, వేలి మీద పెట్టి వెలుతురులో చూస్తే చాలు. బియ్యపు చిలక ఇంతకంటే పెద్దది, బూడిద రంగు. అది బియ్యం, నూక, రవ్వల్లో పట్టులాంటి దారంతో గూడు కట్టి గింజలను ఉండలుగా అతికిస్తుంది. వడ్ల చిలక గూడు కట్టదు, పిండి రాల్చదు. సంచిలో ఉండలు కనిపిస్తే అది బియ్యపు చిలక, పిండి రాలుతుంటే పెంకు పురుగులు. గింజ పైకి నిండుగానే ఉండి, చేతిలోకి తీసుకుంటే తేలిగ్గా తగిలి, పక్కన గుండ్రటి చిన్న కన్నం కనిపిస్తే అది వడ్ల చిలక.

ఆ కన్నం ఎలా ఏర్పడుతుందో తెలిస్తే ఈ పురుగు తంతు సగం అర్థమైనట్టే. ఆడపురుగు గింజ మీదో, గింజను పట్టుకున్న పొట్టు సందులోనో గుడ్లు పెడుతుంది. గుడ్డు మొదట తెల్లగా ఉండి, పిల్ల బయటికొచ్చే ముందు ఎర్రబడుతుంది. నాలుగైదు రోజుల్లో వెంట్రుకంత పురుగు బయటికొచ్చి, గింజకు ఎక్కడ పగులు దొరికితే అక్కడ, ఎక్కువగా మొలక ఉండే వైపు, తొలుచుకుని లోపలికి పోతుంది. వరిలో అయితే రెండు పొట్టు రేకులు సరిగా కలవని చోటే దానికి దారి. ఒకసారి లోపలికి పోయాక ఇక బయటికి రాదు. జొన్న గింజలో ఒక్క పురుగుకే చోటు, మొక్కజొన్న గింజలో రెండు మూడు కూడా పెరుగుతాయి. రెండు మూడు వారాలు లోపలి పిండంతా తిని, గింజలోనే గూటి దశలోకి (రెక్కల పురుగుగా మారే దశ) పోయే ముందు బయటివైపు గుండ్రంగా కొరికి, పైపొరను మాత్రం పల్చగా వదిలేస్తుంది. గింజను ఎండకు పట్టి చూస్తే అక్కడ గాజు బిళ్లలాంటి మచ్చ కనిపిస్తుంది. ఐదారు రోజుల తర్వాత రెక్కల పురుగు ఆ పొరను తలుపులా నెట్టుకుని వచ్చేస్తుంది. మన ఎండాకాలపు వేడిలో గుడ్డు నుంచి రెక్కల దాకా దాదాపు ఐదు వారాలు. రెక్కలొచ్చాక అది ఏమీ తినదు, వారం పది రోజులు బతికి గుడ్లు పెట్టి చస్తుంది. అంటే మనకు కనిపించే దశ ఒక్క గింజను కూడా పాడు చేయదు, పాడు చేసే దశ మనకు కనిపించదు.

‘నిన్నటిదాకా బాగానే ఉండింది, ఒక్కసారిగా పట్టింది’ అని ప్రతి ఊళ్లోనూ అంటారు. ఒక్కసారిగా పట్టదు. ఒక ఆడపురుగు నూరు గుడ్లు పెడుతుందనీ, వాటిలో సగం ఆడవనీ లెక్క వేసుకుందాం. మొదటి తరానికి పుచ్చేది నూరు గింజలు, రెండో తరానికి ఐదు వేలు, మూడో తరానికి రెండున్నర లక్షలు. వెయ్యి జొన్న గింజలు సుమారు 30 గ్రాములు తూగుతాయి. అంటే మొదట 3 గ్రాములు, తర్వాత 150 గ్రాములు, ఆ తర్వాత ఏడున్నర కిలోలు. గుడ్లన్నీ బతకవు కాబట్టి కాగితం మీది లెక్క అచ్చం జరగదు. అయినా మొదటి రెండు తరాలు కంటికి ఎందుకు ఆనవో, మూడోది ఎందుకు కొంప ముంచుతుందో దీన్ని బట్టే తెలుస్తుంది. ఫిబ్రవరిలో కోసిన జొన్నకు మూడో తరం వచ్చేది జూన్‌లోపే.

ఇక అసలు సంగతి. ముక్కు పురుగు ఎక్కువగా పాత సంచుల్లోంచి, గది మూలల్లోంచి ఎక్కుతుంది. వడ్ల చిలకేమో చేనులోనే, గింజ పాలు గట్టిపడి ముదిరే దశలోనే కంకిని పడుతుంది. నిరుటి పంట దాచిన ఇళ్ల నుంచి, కళ్లంలో మిగిలిన కంకుల నుంచి మసక పడ్డాక ఎగిరి వచ్చి గుడ్లు పెట్టిపోతుంది. ఊరికి దగ్గరి చేలకు ఈ బెడద ఎక్కువ. కాబట్టి కొత్త పంట కంకి దశకు రాకముందే ఇంట్లో మిగిలిన పాత జొన్నను తినేయడమో అమ్మేయడమో చేయాలి. పాతదాన్నీ కొత్తదాన్నీ ఒకే గదిలో పెట్టడం కంటే పెద్ద తప్పు ఇంకోటి లేదు.

గింజ అడుగున, కంకిని అంటుకున్న చోట, నల్ల చుక్క కనిపిస్తే గింజ ముదిరినట్టు. ఇక దానికి మొక్క నుంచి వచ్చేదేమీ లేదు. ఆ తర్వాత కూలీలు దొరకలేదనో, చొప్ప ఇంకా ఎండాలనో చేనులో నిలబెట్టిన ప్రతి వారం చిలకకు దావత్ పెట్టినట్టే. కోసిన కంకులను కళ్లంలో కుప్పేసి నూర్పిడి యంత్రం కోసం రెండు మూడు వారాలు ఆగడం అంతకంటే చేటు. కంకుల కుప్పలో సందులెక్కువ, చిలక లోపలిదాకా పోయి కావలసిన చోట గుడ్లు పెడుతుంది. నూర్చిన గింజ రాశిలో దానికి ఆ వీలు లేదు. ఈ పురుగుకు ఒళ్లు మెత్తన, బలం తక్కువ. గింజలను తోసుకుంటూ లోతుకు పోలేదు. ఒక అడుగు దిగేసరికి ఆగిపోతుంది. లోతున ఉన్న గింజలోంచి రెక్కలొచ్చినది కూడా పైకి రాలేక అక్కడే చస్తుంది. అందుకే త్వరగా నూర్చి, రాశిగా దాచడం దీనికి మొదటి విరుగుడు. మందు కాదు.

నూర్చాక చెరగడం, జల్లెడ పట్టడం మామూలే. అయితే విరిగిన గింజ, పొట్టు వదలని గింజ తీసేయడం అందం కోసం కాదు. గుడ్డులోంచి వచ్చిన పురుగుకు దారి దొరికేది అక్కడే.

ఎండబెట్టే దగ్గర చాలామంది చేసే పొరపాటు గింజను మందంగా పరచడం. రెండు వేళ్ల మందం దాటితే అడుగు గింజ ఎండదు. బండల మీదో మిద్దె మీదో టార్పాలిన్ పరిచి, గంటకోసారి కాళ్లతో దున్నినట్టు తిరగేయాలి. పొద్దు వాలేలోపు కుప్ప చేసి కప్పేయాలి. మంచు పడుతుందని ఒక కారణం, చిలక ఎగిరేది ఆ వేళే అన్నది రెండోది. జొన్నకు 12 శాతం తేమ గురి పెట్టుకోవాలి. అమ్మకానికి అంతకంటే ఎక్కువ ఉన్నా కొనేవాళ్లుంటారు, కానీ నాలుగు నెలలు దాచుకునే గింజకు అది చాలదు. పంటి కింద టక్కున విరగాలి, నలగకూడదు.

తేమ కొలిచే మీటరు లేనివాళ్లకు ఉప్పు పరీక్ష ఉంది. పొడి గాజు సీసాలో మూడో వంతు గింజ పోసి, వేయించి చల్లార్చిన ఉప్పు రెండు మూడు చెంచాలు వేసి, మూత బిగించి ఒక నిమిషం కుదిపి, పావుగంట వదలాలి. ఉప్పు సీసా గోడకు అంటుకుంటే తేమ 15 శాతం పైన ఉన్నట్టు. అంటుకోకపోతే 15 లోపు, అంతే. 12 అని కాదు. దాన్ని చూసి సంబరపడకుండా ఇంకో రెండు ఎండలు తగలనివ్వాలి. వేడి మీద గింజను సంచికి ఎత్తడం కూడా ప్రమాదమే. రాత్రి సంచి బయటివైపు చల్లబడి, లోపలి ఆవిరి అక్కడ చెమ్మగా మారుతుంది. సాయంత్రం కుప్ప చేసి కప్పి, తెల్లవారి చల్లారాక ఎత్తితే ఆ బాధ ఉండదు.

ఎండ చిలకను చంపుతుందా అంటే, గింజ వేడి 50 డిగ్రీలు దాటి కొన్ని గంటలు నిలిస్తే లోపలి పురుగు చస్తుంది. ఊరికే పరిస్తే అంత వేడెక్కదు. నల్ల పాలిథిన్ పట్టా మీద అంగుళం మందాన పరిచి, పైన రంగులేని పారదర్శక పట్టా కప్పి, అంచుల మీద రాళ్లు పెట్టి, ఏప్రిల్ ఎండలో పదకొండు నుంచి నాలుగు దాకా వదిలితే ఎక్కుతుంది. ముందే బాగా ఎండిన గింజకే ఇది. తడి గింజకు చేస్తే ఉడుకుతుంది. విత్తనానికి అసలే వద్దు, మొలక దెబ్బతింటుంది. వేడితో చంపే ఉపాయం కొత్తది కాదు. 1760 ప్రాంతంలో ఫ్రాన్స్‌లోని అంగుమువా సీమలో ఇదే పురుగు గోధుమను ఊడ్చేస్తుంటే, అక్కడి శాస్త్ర అకాడమీ పంపిన దుహమెల్ దు మొన్సో, టియ్యె అనే ఇద్దరు పరిశీలించి ధాన్యాన్ని పొయ్యి గదుల్లో కాచమన్నారు. ఇంగ్లీషులో ఈ పురుగును నేటికీ ఆ సీమ పేరుతోనే పిలుస్తారు.

నిల్వ చేసే చోటికి వద్దాం. మన పెద్దల పాతర ఈ పురుగుకు సరైన మొగుడు. గడ్డి పరిచిన గొయ్యిలో జొన్న నింపి, పైన మట్టితో మెత్తితే గింజా పురుగూ పీల్చుకునే గాలి లోపల అయిపోతుంది, పురుగు చస్తుంది. అయితే ఆ గాలి మనిషికీ పనికిరాదు. పాతర తెరిచిన వెంటనే దిగి ప్రాణాలు పోగొట్టుకున్నవాళ్లున్నారు. నోరు వెడల్పుగా తెరిచి ఒక పూట వదిలి, దీపం దించి చూసి, అది నిలిస్తేనే దిగేవారు. కాలువ తడి చేరిన ఊళ్లలో, కర్నూలు–కడప కాలువ పొడవునా ఉన్న నల్లరేగడిలో, ఇప్పుడు పాతర తవ్వితే నెమ్ము ఎక్కి జొన్న ముక్కిపోతుంది. మళ్లీ పాతర్లు తవ్వమని మేం అనడం లేదు.

అదే సూత్రం మీద పనిచేసేవి మూడు పొరల సంచులు. లోపల రెండు మందపాటి పాలిథిన్ సంచులు, పైన నేత ప్లాస్టిక్ సంచి. గింజ పోసి, గాలి నొక్కి, లోపలి సంచి మూతిని మెలితిప్పి మడిచి పురికొసతో కట్టి, తర్వాత రెండోదాన్ని, ఆ తర్వాత పైదాన్ని విడివిడిగా కట్టాలి. మూడూ కలిపి ఒకే ముడి వేస్తే మూడు పొరలున్నా ఒకటే. కంకి పుల్ల ఒక్కటి మిగిలినా లోపలి పొరను చిల్లు పొడుస్తుంది, చెరగడం సరిగా జరగాలనేది ఇందుకే. నేల మీద ఈడ్చకూడదు, ఎలుకకు అందనీయకూడదు. కనీసం నెల రోజులు విప్పకూడదు.

ఇనుప డ్రమ్మో ప్లాస్టిక్ డ్రమ్మో ఉన్నవాళ్లు దాన్ని అంచుదాకా నింపి, మూత చుట్టూ పాత సైకిల్ ట్యూబు ముక్క బిగిస్తే సరిపోతుంది. డ్రమ్ము సగమే నింపితే పై సగంలోని గాలి పురుగుకు చాలాకాలం సరిపోతుంది. రోజూ రొట్టెల పిండికని మూత తీస్తే ఇక అది డ్రమ్ము కాదు, ఉత్త డబ్బానే. నెలకు సరిపడా జొన్న చిన్న డబ్బాలోకి తీసుకుని పెద్దదాన్ని వెంటనే మూసేయడం ఒక్కటే దారి.

ధాన్యం దాచే గరిసె, గుమ్మి ఇంకా వాడేవాళ్లు లోపలివైపు పేడతో మెత్తి ఆరనిచ్చి, గింజ నిండాక పైన గుడ్డ పరిచి, దాని మీద రెండంగుళాల పొడి బూడిద పోస్తే చిలకకు గింజ అందదు. గోనె సంచులే గతి అయితే పాతవాటిని తిరగేసి మరిగే నీళ్లలో పావుగంట ఉంచి ఎండబెట్టాలి. కుట్ల సందుల్లోనే పురుగు పట్టిన పాత గింజలు మిగిలిపోతాయి. సంచులను చెక్క బల్లల మీద, గోడకు రెండడుగుల ఎడంగా పెట్టాలి. చిలక సంచిని బయటి అంచుల్లోనే పట్టేది కాబట్టి పది చిన్న సంచుల కంటే ఒక పెద్ద రాశి మేలు.

పసిగట్టడానికి ఒక చిన్న పని చెప్తాం. సంచులకు ఎత్తిన రోజే ఒక గాజు సీసాలో సగం దాకా అదే గింజ పోసి, మూతికి పల్చటి గుడ్డ కట్టి కిటికీ దగ్గర పెట్టండి. ఐదారు వారాల్లో సీసాలో చిలకలు కనిపిస్తే సంచుల్లోనూ ఉన్నట్టే. ఇంకా రెండు తరాలు కాకముందే తెలిసింది కాబట్టి ఏదో ఒకటి చేయొచ్చు. గదిలో రాత్రిపూట చిన్న బల్బు కింద సబ్బు నీళ్ల పళ్లెం పెడితే పడేవి పడతాయి. అది లెక్క తెలియడానికే, నివారణ అనుకోవద్దు.

మందుల విషయంలో మా అభిప్రాయం కాస్త కటువుగానే ఉంటుంది. ఖాళీ గదికీ, గోడలకూ, సంచుల బయటివైపుకూ మలాథియాన్ 50 శాతం మందు లీటరు నీటికి 10 మిల్లీలీటర్లు కలిపి, వంద చదరపు మీటర్లకు 3 లీటర్ల ద్రావణం చొప్పున కొట్టొచ్చు. మూడు వారాలకోసారి మళ్లీ కొట్టాలి. ఇది రెక్కల పురుగునే చంపుతుంది, గింజలో ఉన్నదాన్ని తాకదు. వారానికి కొత్త చిలకలు లేచేసరికి ‘మందు నకిలీ’ అంటారు. నకిలీ కాదు, అవి నిన్న గింజలో ఉన్నవే. తినే గింజ మీద ఏ మందూ చల్లకూడదు. బోరిక్ పౌడర్ కలపడం మన ఇళ్లలో మామూలైపోయింది. కడిగితే పోతుందనుకుంటారు గానీ జొన్నను కడిగి రొట్టె చేసే ఇళ్లెన్ని? డైక్లోర్‌వాస్ అనే పురుగుమందును 2020 చివరితో దేశంలో నిషేధించారు, ఎవరైనా పాత సీసా చూపినా తీసుకోవద్దు.

అల్యూమినియం ఫాస్ఫైడ్ గోలీల మోతాదు ఇక్కడ రాయడం లేదు, కావాలనే. గాలిలోని చెమ్మకే వాటినుంచి ఫాస్ఫీన్ వాయువు వస్తుంది. తలుపు సందుల్లోంచి, దూలాల మీదుగా పక్క గదిలోకి పాకుతుంది. దానికి విరుగుడు మందు లేదు. గోదాముల్లో అనుమతి ఉన్నవాళ్లు పట్టా కప్పి చేసే పని అది. మనుషులు పడుకునే ఇంట్లో ఒక్క గోలీ కూడా సంచిలో వేయకూడదు. మీ పేజీలో వచ్చే సలహాల్లో ‘సంచికి ఒక గోలీ’ లాంటి మాట ఎప్పుడైనా కనిపిస్తే ఆపమని ప్రత్యేకంగా వేడుకుంటున్నాం.

విత్తనానికి మాత్రం మందు వేరు. క్వింటాలుకు డెల్టామెత్రిన్ 2.8 శాతం మందు 4 మిల్లీలీటర్లు అర లీటరు నీటిలో కలిపి గింజకు పట్టించి, నీడన ఆరబెట్టి, సంచి మీద ‘విత్తనం, తినరాదు’ అని పెద్దక్షరాలతో రాయాలి. విత్తన కంకులను పొయ్యి పైన దూలానికి వేలాడదీసే అలవాటు కొన్ని ఊళ్లలో ఇంకా ఉంది. అప్పట్లో వాటిని కాపాడింది పొగ. ఇప్పుడు కింద గ్యాస్ పొయ్యి, పైన కంకులు. పొగ లేని చోట కంకి వేలాడదీస్తే చిలకకు ఎదురెళ్లి అప్పగించినట్టే. ఆ కంకులను నూర్చి డబ్బాకు ఎత్తండి. పుచ్చిన విత్తనాన్ని తేల్చి చూస్తే కొంత తెలుస్తుంది: దోసెడు గింజ నీళ్లలో వేసి కలిపితే డొల్లవి తేలుతాయి. నూటికి ఐదు పైన తేలితే, విత్తే ముందు వంద గింజలు తడిగుడ్డలో చుట్టి మొలక పరీక్ష చేయాల్సిందే. ఎందుకంటే పురుగు ఎక్కువగా లోపలికి తొలుచుకుపోయేది మొలక వైపు నుంచే.

కొర్ర, సామ పండించేవాళ్లు ఈ ఉత్తరాన్ని పక్కన పెట్టొచ్చు. ఆ గింజ చిన్నది, పొట్టు గట్టిది, చిలక బాధ పెద్దగా ఉండదు.

పుచ్చిన జొన్నను జల్లెడ పట్టి కోళ్లకు వేయొచ్చు. బూజు వాసన ఉంటే మాత్రం కోడికీ వద్దు, పశువుకూ వద్దు. వేరుశనగ పండించే అనంతపురానికి బూజు వల్ల గింజలో పుట్టే అఫ్లాటాక్సిన్ అనే విషం గురించి కొత్తగా చెప్పక్కర్లేదు.

చివరిగా రైతు సేవా కేంద్రాలకు మీ ద్వారా రెండు విన్నపాలు. మూడు పొరల సంచులు కోతకు ముందే, జనవరిలో, కేంద్రాల్లో దొరికేలా చూడాలి. తేమ కొలిచే మీటరును అమ్మకానికి తెచ్చే ధాన్యానికే కాక, ఇంట్లో దాచుకునే రెండు మూడు బస్తాల జొన్నకు కూడా వాడనివ్వాలి. మీటరు దగ్గరికి వెళ్లేవాళ్లు కూడా గింజను ఎండలోంచి నేరుగా పట్టుకుపోవద్దు, వేడి గింజకు మీటరు తప్పు చూపిస్తుంది. రాశి అడుగు నుంచి, నడుమ నుంచి, పైనుంచి తలా పిడికెడు తీసి కలిపి, నీడన చల్లారనిచ్చి, మూత బిగించిన డబ్బాలో తీసుకెళ్లాలి. మూడుసార్లు కొలిపించి, వాటిలో ఎక్కువ వచ్చిన అంకెనే నమ్మండి.

ఇట్లు,
కొందరు జొన్న రైతులు,
కర్నూలు జిల్లా.